సూడు అన్న దొర

ఆ రోజుల్లో నాకు తెలియని సంగతులు చాలా ఉండేవి. వాటన్నిటిలోకీ పెద్దది, నా నోట్లో ‘చ’ అనే అక్షరం లేదన్న సంగతి. (మాట మధ్యలో బాగానే పలికేది, మాట మొదట్లోనే, గడప దాటేటప్పుడు కాలు జారినట్టు జారి ‘స’ అయిపోయేది.) వర్ణమాలలో ఒకటి తక్కువతోనే పెరిగి పెద్దవాణ్ణయ్యాను, డిగ్రీ తెచ్చుకున్నాను, అది చాలక ఇతరులకు ఉచ్చారణ కూడా నేర్పాను. తిరుపతి బస్టాండు దగ్గర ఒక మేడ మీద స్పోకెన్ ఇంగ్లిషు చెప్పేవాణ్ణి. శ్రీ సిటీ ఫ్యాక్టరీల్లో ఇంటర్వ్యూలకు పోయే పిల్లలను కూర్చోబెట్టి, మాటలో మాతృభాష వాసన రాకూడదని గట్టిగా హెచ్చరించేవాణ్ణి. ఆ వాసన అందరికంటే ఎక్కువగా గుప్పుమనేది నా దగ్గరే. చెప్పే ధైర్యం వాళ్ళకు లేదు, పసిగట్టే ముక్కు నాకు లేదు. చివరికి ఆ సంగతి నాకు తెలియజేసింది, అదీ పాపం తెలియజేయాలనుకోకుండా, ఒక బ్రిటిష్ నటుడు.

చంద్రగిరి కోట పక్కన ఒక టీవీ సీరియల్ తీస్తున్నారు. తెల్లదొరల కాలం కథ. శిస్తు కట్టని రైతులను పీడించే కలెక్టరు వేషానికి అసలు సిసలు తెల్లవాణ్ణే లండన్ నుంచి రప్పించారు. ఆయనకు తెలుగు డైలాగులు నేర్పే మనిషి కావాలని కబురొస్తే పోయాను. దర్శకుడు కోస్తా వైపు పెద్దమనిషి. ప్రతి అక్షరాన్నీ ఇస్త్రీ చేసి మడత పెట్టి మరీ బయటికి వదిలేవాడు. "చూడు బాబూ, ఉచ్చారణ స్వచ్ఛంగా ఉండాలి, అచ్చంగా ఉండాలి, చక్కగా ఉండాలి" అన్నాడు. యూనిట్ వాళ్ళు ఆయన్ను చాటుగా చకారం గారని ఎందుకు పిలుస్తారో ఆ ఒక్క వాక్యంతో అర్థమైపోయింది. "అట్లనే సార్, సక్కగా నేర్పిస్తా" అన్నాను. జనరేటరు మోతలో ఆయనకు సరిగ్గా వినబడలేదు. వినబడి ఉంటే ఈ కథే లేదు.

దొర (ఆయన్ను అందరం అలాగే పిలిచేవాళ్ళం, ఆయనా పలికేవాడు) బక్కపల్చటి మనిషి, అరవైకి దగ్గర పడినవాడు. ఎంత పెద్ద నటుడో అని భయపడుతూ పోయిన నాకు, తన నట జీవితమంతా మొదటి సాయంత్రమే టీ తాగుతూ చెప్పేశాడు. వాళ్ళ దేశపు టీవీలో పోలీసు కథలు జాస్తి. పోలీసు కథన్నాక ఒక శవం ఉండాలి. మొదట్లో ఆ శవం ఈయనే. కదలకుండా పడుకోవడంలో మంచి పేరు తెచ్చుకున్నాక ప్రాణం పోసి, జమీందారు ఇంట్లో తలుపు తీసే నౌకరు వేషం ఇచ్చారట. ఆపైన ఎన్ని సినిమాల్లో ఎన్ని తలుపులు తీశాడో ఆయనకే గుర్తు లేదు. ‘అందరికీ తలుపులు తెరిచాను, నాకొక్కటీ తెరుచుకోలేదు’ అన్నాడు ఇంగ్లిషులో, నవ్వుతూనే. ఒకే ఒక్క సినిమాలో మాటలున్న పెద్ద వేషం దొరికిందట. ఆయనది వాళ్ళ దేశంలో ఉత్తరాన గొర్రెలు కాసుకునే మూల. ఆ మూల మాటకు లండన్ వాళ్ళు నవ్వుతారని, మనిషిని ఉంచి గొంతు మాత్రం తీసేశారట. అందుకని ఇక్కడ దర్శకుడితో ముందే ఒప్పందం చేసుకున్నాడు: డైలాగులు బాగా వస్తే తన గొంతే ఉంచాలి, రాకపోతే హైదరాబాదులో ఎవరిచేతనైనా డబ్బింగు చెప్పించుకోవచ్చు. ఆ ఒక్క కోరికతో సముద్రాలు దాటి వచ్చిన మనిషిని తెచ్చి నా నోటికి అప్పగించారు.

నేనేమో డైలాగులన్నీ ఇంగ్లిషు అక్షరాల్లో రాసి ఇచ్చాను. ఆయన కాగితం పక్కన పెట్టి, కళ్ళు మూసుకుని, నన్ను చదవమన్నాడు. ఎంత చెవి అనుకున్నారు! చిలక కూడా రెండు సార్లు తడబడుతుంది గానీ ఆయన తడబడలేదు. నేను ఎక్కడ సాగదీస్తే అక్కడ సాగదీశాడు, ఎక్కడ తెంపితే అక్కడ తెంపాడు. అచ్చం చిత్తూరు పక్కనున్న మా పూతలపట్టు మనిషి మాట్లాడినట్టే ఉందని పొంగిపోయాను. అదే కొంప ముంచుతున్నదని తట్టలేదు. నా చెవికి నా మాటే అచ్చతెలుగు మరి.

షూటింగు నాడు రైతుల గుంపుకు మనుషులు చాలకపోతే మా ఊరి నుంచి కొందరిని పిలిపించాను. అందులో మా నాయన ఒకడు. కెమెరా ముందు తలపాగాతో తల వంచుకుని నిలబడాలి, మాట్లాడకూడదు, అంతే. దొర టోపీ సర్దుకుని, గుర్రం దిగి, మా నాయన ఎదురుగా వచ్చి నిలబడ్డాడు. "సూడు పెద్దాయనా, సిస్తు కట్టకుంటే సచ్చినా వదల్ను" అన్నాడు.

మా నాయన తలెత్తినాడు. ఆ ముఖంలో భయం లేదు, తమ పక్క మనిషి ఎదురుపడ్డ సంతోషం. "యాడ కట్టేది సామీ? వాన ల్యా. మోటారు గూడా కాలిపాయె. సెనక్కాయంతా ఎండిపోతాండాది" అన్నాడు. దొరకు అర్థమైంది సగమే గానీ, నటుడు కాబట్టి జాలిగా తల ఊపాడు. యూనిట్ మొత్తం పొట్టలు పట్టుకుంది. చకారం గారు మాత్రం నవ్వలేదు.

"తెల్లదొరల కాలంలో మోటారు ఎక్కడిదయ్యా?" అని మా నాయన్ను అడిగి, నా వైపు తిరిగి, "వీళ్ళిద్దరిదీ ఒకటే ఊరా? చూడు అనమంటే సూడు అంటాడేం?" అన్నాడు. నేను అయోమయంగా, "సూడు అనే గదా సార్ అన్నాడు" అన్నాను. ఆయన మళ్ళీ "చూడు" అన్నాడు. నేను మళ్ళీ "అదే సార్, సూడు" అన్నాను. ఇలా కాసేపు నడిచింది. చుట్టూ నవ్వులు పెరిగేకొద్దీ నాకు మెల్లగా వెలిగింది. అద్దంలో మొదటిసారి ముఖం చూసుకున్నవాడిలా, దొర నోట్లో నా నోరు చూసుకున్నాను.

సాయంత్రం దాకా గడువిచ్చారు. కోటగోడ నీడన కూర్చుని నేనూ దొరా కలిసి ‘చ’ నేర్చుకున్నాం. ఎవరు గురువో ఎవరు శిష్యుడో చెప్పడం కష్టం. ‘చారు చల్లారింది, చాప చుట్టు’ అని ఇద్దరం వంతులేసుకుని అన్నాం. చివరికి పట్టుబడింది. ఎంతగా పట్టుబడిందంటే, కెమెరా ముందుకెళ్ళగానే దొర "చూడు పెద్దాయనా, చర్కారు వారి చిస్తుకు చంతకం పెట్టు" అన్నాడు. ఉన్న ‘స’లు కూడా పోయాయి. చకారం గారు టోపీ తీసి కుర్చీలో పడేశాడు. "డబ్బింగు" అన్నాడు, ఆ ఒక్క మాటే.

దొర నన్ను ఒక్క మాట అనలేదు. వెళ్ళే రోజు నా భుజం మీద చెయ్యేసి, ‘నీది కూడా ఉత్తరమే అన్నమాట’ అన్నాడు. (మాది దక్షిణమని దిక్కులు సరిచేయబోయి, అర్థమై ఊరుకున్నాను.) సీరియల్ వచ్చాక, తన పెదవుల మీద హైదరాబాదు గొంతు చూసి, ‘మళ్ళీ శవాన్నే అయ్యాను’ అని కబురు పెట్టాడు. నేనేమో ఆ రోజు నుంచి అద్దం ముందు నిలబడి ‘చ’ సాధన మొదలుపెట్టాను. ఇప్పుడు నా నోట్లో అక్షరాలన్నీ హాజరు. దొర మాత్రం లండన్‌లో కూర్చునే తెలుగు నేర్చుకుంటూ, అప్పుడప్పుడు ఫోన్లో గొంతు సందేశాలు పంపేవాడు, మా యాసలోనే. అది ఆయన వదల్లేదు.

మొన్నామధ్య చకారం గారు ఫోన్ చేశాడు. ఇప్పుడు సీమ కథలకే గిరాకీ అట. హీరోకు చిత్తూరు యాస నేర్పాలట, స్వచ్ఛంగా, అచ్చంగా. ఇన్నేళ్ళ సాధనంతా కూడగట్టుకుని, ఒక్కో అక్షరానికీ ఇస్త్రీ పెట్టి, "చాలా చింతిస్తున్నానండీ. చక్కటి తెలుగు తప్ప మరొకటి చేతకాదు నాకు. ఆ యాస చక్కగా తెలిసిన పెద్దమనిషి ఒకాయన ఉన్నారు. చిరునామా లండన్" అన్నాను. ఈసారి జనరేటరు మోత లేదు, ప్రతి ‘చ’ ఆయనకు సరిగ్గా వినబడింది.

నంబరు తీసుకున్నాడు. గతిలేక పిలిచాడు కూడా. వారం తిరక్కుండా దొర సందేశం వచ్చింది: "సారు ఫోన్ జేసినాడబ్బా. హీరోకి మాట నేర్పల్లంట. నాకూ ఒక యేసం ఇస్తాండాడు, మదనపల్లిలో పుట్టిన దొర. గొంతు నాదే. సచ్చినా వదల్ను."

అభినందించాలని ఫోన్ నోటి దగ్గర పెట్టుకుని, "చూడు దొరా" అన్నాను. నాకే వింతగా వినబడింది. చెరిపేసి మళ్ళీ అన్నాను, మళ్ళీ అదే వచ్చింది. ఇక చేసేది లేక పంపించాను.

దొర వెంటనే జవాబిచ్చాడు. "సూడు అనల్ల సామీ" అన్నాడు ఓపిగ్గా, గురువు గొంతుతో. "సూడు."