పడవవాడు ఒడ్డు చేరిన పేజీ

మందు సీసా చేతికిస్తే ఎన్ని చుక్కలు వేసుకోవాలో చూడడు మా మావయ్య. దాని మీద అచ్చుతప్పులు చూస్తాడు. జీవితమంతా అచ్చాఫీసుల్లో ప్రూఫులు దిద్దాడు. ఇప్పుడు దిద్దడానికి ఎవరూ ఏమీ ఇవ్వడం లేదు కనక మమ్మల్ని దిద్దుతున్నాడు.

అలాంటి మనిషి చేసిన తప్పు ఒకటి లోకంలో మిగిలిపోయింది. మిగిల్చింది మా ఆఫీసే.

మా ఆఫీసు పని వెబ్ పేజీలు దాచడం. ఒక ప్రోగ్రాం ఇంటర్నెట్‌లో తిరుగుతూ కనబడ్డ పేజీకల్లా కాపీ తీసి పెడుతుంది. అది వచ్చిన రోజు పేజీ ఎలా ఉంటే అలాగే ఉండిపోతుంది. తల దువ్వుకునేదాకా ఆగే ఫొటోగ్రాఫరు కాదది. నా వంతుకు వచ్చినవి పాత సినిమాల పేజీలు. బొమ్మలు ఎగిరిపోయి ఖాళీ గళ్లు మిగిలినవీ, కామెంట్లలో అభిమానులు జుట్లు పట్టుకున్నవీ అన్నీ నావే.

మావయ్యకీ ఒకప్పుడు అలాంటి పేజీ ఉండేది. వయసులో చూసిన ఒక నలుపు తెలుపు సినిమా కథంతా, నటీనటుల పేర్లతో సహా అందులో రాశాడు. చివర్లో పడవవాడు వరదలో ఈదుకుంటూ ఒడ్డు చేరాడన్నాడు. చూసినవాళ్లు ఊరుకుంటారా? పడవవాడు చచ్చిపోతే మీరు నిద్రపోతున్నారా అని దులిపేశారు. మావయ్య వెంటనే దిద్దుకున్నాడు. కొన్నాళ్లకి ఆ సైటే మూతబడింది. మా ప్రోగ్రాం మాత్రం ఆయన దిద్దకముందే వచ్చిపోయింది.

ఆ సినిమా రీళ్లు ఇప్పుడెక్కడా లేవు. గోరుచుట్టు మీద రోకటిపోటులా మొన్న ఒక సినిమా పత్రిక మా కాపీ చూసి, ఆ చిత్రానికి రెండో ముగింపు కూడా తీశారేమోనని పెద్ద వ్యాసం వేసింది. మావయ్య ఆ పత్రిక పట్టుకుని మా ఆఫీసుకి వచ్చేశాడు. వెనకాలే అత్త. ఒక్కణ్ణే వదిలితే మా ఆఫీసు బోర్డు కూడా దిద్దుతాడని ఆవిడ భయం.

"ఆ ఒక్క వాక్యం మార్చవే," అన్నాడు మావయ్య.

"మేం దాస్తాం మావయ్యా, దిద్దం. రాసింది నువ్వే కాబట్టి అడిగితే తీసేస్తాం. కానీ పేజీ మొత్తం పోతుంది. ఆ సినిమాలో వేషాలు వేసినవాళ్ల పేర్లు ఇంకెక్కడా లేవు."

"పోతే పోనీ. నా పరువు పోతోంది ఇక్కడ."

"అసలు అలా ఎందుకు రాశావు?"

"చివర నేను చూడలేదే. పిల్లాడు ఏడుస్తుంటే ఎత్తుకుని బయటికొచ్చేశా. మీ అత్త చెప్పిందే రాశా. ఈవిడ నిద్రపోయుంటుంది."

అత్త కళ్లజోడు తీసి కొంగుతో తుడుచుకుంది.

"నిద్రపోలేదు. కూర్చుని ఏడ్చాను. ఆ పొద్దునే మిమ్మల్ని పనిలోంచి తీసేశారు, గుర్తుందా? ఇంట్లో ఉంటే పిచ్చెక్కిపోతుందని సినిమాకి లాక్కెళ్లా. బయటికొచ్చేసరికి వానలో, పిల్లాణ్ణి భుజానేసుకుని నిలబడి, పడవవాడు ఏమయ్యాడని అడిగారు. ఆ మొహం చూసి చచ్చిపోయాడని ఎలా చెప్పను?"

మావయ్య చేతిలో పత్రిక మడిచి నా బల్ల మీద పెట్టాడు.

"ఇన్నాళ్లూ చెప్పలేదేం?" అన్నాడు.

"మీరు అడిగితేగా. నిద్రపోయుంటానని మీరే తేల్చేసుకున్నారు."

నేను కంప్యూటర్ వైపు తిరిగాను. "తీసెయ్యనా మావయ్యా?"

"ఉండనీ. పుస్తకంలో తప్పు దొర్లితే పుస్తకం తగలెడతామా? వెనకాల తప్పొప్పుల పట్టిక వేస్తాం."

అన్నట్టే ఇంటికెళ్లి కొత్త పేజీ ఒకటి పెట్టాడు. అందులో ఇంతే ఉంది:

తప్పు: పడవవాడు ఒడ్డు చేరాడు.

ఒప్పు: పడవవాడు వరదలో పోయాడు. ఒడ్డు చేరింది ఈ పేజీ రాసినవాడు.

ఆయన పెట్టిన పేజీలో ఈ రెండు ముక్కల్లోనే ఒక అచ్చుతప్పు దొర్లింది; ఇక్కడ మాత్రం ఆయన పరువు కోసం సరిగ్గానే రాశాను. రాస్తున్నంతసేపూ ఏడుస్తూనే ఉన్నాడని అత్త ఫోన్‌లో చెప్పింది. ఆయన చూసి దిద్దేలోపే నేను కాపీ తీసి పెట్టేశాను.