స్వీటు డబ్బాలో నోళ్ళు

ఆదిశేషమ్మ దేన్నీ ఊరికే నమ్మదు. పాలు కొంటే వాసన చూస్తుంది. బస్సుకు ఉదయగిరి బోర్డు కనబడుతున్నా కండక్టరును అడిగి గానీ ఎక్కదు. మొగుడు చనిపోయిన ఏడాది గొర్రెల మందను కారుచౌకగా కొట్టేయాలని వచ్చిన బేరగాళ్ళంతా "అక్కా, అక్కా" అన్నవాళ్ళే. అప్పటి నుంచీ తియ్యగా మాట్లాడేవాళ్ళంటే ఆమెకు మరీ గుబులు. ఆ గుబులుతోనే గొర్రెల్ని కాపాడుకుంది, కొడుకు కోటేశ్వర్‌ని పెంచి ఆటో కొనిచ్చింది.

ఆత్మకూరు నుంచి వచ్చిన కొత్త కోడలు మధులత చాలా తియ్యగా మాట్లాడేది.

ఒక మధ్యాహ్నం మోకాలి నొప్పికి తాళలేక ఆదిశేషమ్మ మందను పెందలాడే తోలుకొచ్చింది. తలుపు గడియ వేసి ఉంది. లోపల కోడలు ఒక్కతే నవ్వుతోంది. తట్టగానే ఏదో సర్దిన చప్పుడు. తలుపు తీసిన చేతి గోళ్ళలో మట్టి.

"ఏందిమే ఆ మట్టి?"

"పొయ్యి అలుకుదామని, అత్తా."

గ్యాసు వచ్చాక ఆ ఇంట్లో అలికే పొయ్యే లేదు.

పక్కింటి శీనమ్మ ఈ మాట విని బుగ్గ నొక్కుకుంది. "ఒంటరిగా నవ్వతా ఉండాదా? మట్టి కూడానా? దాని మంచం కింద చూడు వదినా, నా మాటిను."

మర్నాడు కోడలు నీళ్ళకు పోగానే చూసింది. గుడ్డలో చుట్టిన జానెడు మట్టిబొమ్మ. నెత్తిన గుడ్డ చుట్ట, చేతిలో కర్ర, ఒంటికి తన పాత చీర పేలిక. మోకాళ్ళలోంచి ఇనప తీగ పొడుచుకొచ్చింది. మొహాన నోరు లేదు. నోళ్ళు పక్కనున్న స్వీటు డబ్బాలో ఉన్నాయి: మూసింది, తెరిచింది, వంకర తిరిగింది, పళ్ళు కొరుకుతున్నది.

ఆదిశేషమ్మ బొమ్మను గుడ్డ మీదే వదిలి వెనక్కి జరిగింది. చేతబడి చేసి నోరు కట్టేస్తారని చిన్నప్పటి నుంచి విన్నది. నోరు పీకి డబ్బాలో దాస్తారని మాత్రం వినలేదు. కొడుక్కి ఫోన్ చేసింది.

"ఆటో తీసుకోని రా. నీ పెళ్ళాన్ని ఆత్మకూర్లో దించు. మళ్ళా తేబాక."

"ఏమైందిమా?"

"నాకు నోరుండగానే చెప్తా ఉండా. రా."

బిందెతో లోపలికొచ్చిన మధులత బొమ్మను చూసి నిలబడిపోయింది.

"ఎవురు నేర్పినారే నీకు?"

"సినిమా చూసి నేర్చుకున్నానత్తా. నువ్వు తిడతావని దాచినాను. ఒక్కసారి చూడు. ఆ తరవాత పొమ్మంటే పోతా."

ఫోను చెంబుకు ఆనించింది. ఆదిశేషమ్మ దూరంగా, నోటికి కొంగు అడ్డం పెట్టుకుని కూర్చుంది.

ఏ దేశపుదో ఆ సినిమా, మాటల్లేవు. లావుపాటి దర్జీ, అతని టేపు మింగేసిన బాతు. అంతా మట్టే. దర్జీ కాలు తన్నిపెట్టి టేపు లాగుతున్నాడు. వస్తున్నకొద్దీ వస్తూనే ఉంది. అతని బుగ్గ మీద ఎవరిదో బొటనవేలి ముద్ర, ఆయాసపడ్డప్పుడల్లా కదులుతోంది. బాతు మాత్రం ఏమీ ఎరగనట్టు పైకప్పు కేసి చూస్తోంది. ఎవరో బొమ్మను కొంచెం కొంచెం కదిలించి, కదిలించినప్పుడల్లా ఫోటో తీశారని మధులత చెబుతోంది. ఆదిశేషమ్మ వినడంలేదు. ఆ బాతు చూపు ఆమెకు తెలుసు. పరాయి చేలో పడి మేసొచ్చిన మేక అచ్చం అట్లాగే చూస్తుంది. కొంగు వెనక నవ్వు తన్నుకొచ్చింది. వచ్చినందుకు కోపమూ వచ్చింది.

"బాతు సంగతి అట్టుండనీ. నేనెందుకుండా దీన్లో?"

మధులత తను తీసింది పెట్టింది. గోడెక్కిన మేక ముసలమ్మ కొంగు నములుతోంది. ముసలమ్మ కర్ర ఆడిస్తూ తిడుతోంది. నోరు తెరుచుకుంది, వంకర పోయింది, పళ్ళు కొరికింది.

"ఇన్ని నోళ్ళెందుకే?"

"ఒక్కో తిట్టుకు ఒక్కోటి, అత్తా."

"నేనింత తిడతానా?"

"ఆ డబ్బా యాడ చాలద్ది వదినా," అంది శీనమ్మ వాకిట్లోంచి. గొడవ చూద్దామని వచ్చింది.

ఇంతలో ఆటో వచ్చి ఆగింది. కోటేశ్వర్ లోపలికొచ్చి, పెళ్ళాం మొహం చూడకుండా, "సంచి సర్దుకున్నావా?" అన్నాడు.

ఆదిశేషమ్మ ఫోను మీంచి తల ఎత్తలేదు. "కొంగు మింగేసినాక మేక ఏం చేస్తాది?"

"ఇంకా తియ్యలేదత్తా."

ఆదిశేషమ్మ నోటి మీది కొంగు దించింది.

"ఆటో నీడన పెట్టుకోరా," అంది కొడుకుతో. తర్వాత కోడలి వైపు తిరిగింది. "తియ్యి. తలుపు తెరిచే ఉండాల. నా కండ్ల ముందరే తియ్యాల."

మధులత అటక మీది మట్టిమేకను దించి, దాని తలను గింజంత ఎత్తి ఫోటో తీసింది, మళ్ళీ గింజంత ఎత్తింది. ఆ వేళ్ళ మీంచి ఆదిశేషమ్మ చూపు మరల్చలేదు.

"మందు గిందు పెడతా ఉండాదేమో చూడు వదినా," అంది శీనమ్మ గడపలోకి వచ్చి.

"చూస్తానే ఉండాను. నువ్వు ఎలుతురికి అడ్డం లెయ్."