పల్టన్ తాత ఎవరి సిపాయి?

స్వాతంత్ర్యం వచ్చి పాతికేళ్ళు నిండిన ఆగస్టులో, మా హైస్కూలు జెండా ఎవరు ఎగరెయ్యాలన్న మాట మీద నారాయణఖేడ్‌లో తగువు వచ్చింది. నేనప్పుడు ఆ స్కూల్లో సాంఘికశాస్త్రం చెప్పేవాణ్ణి. ఆ రోజుల నా డైరీ తీసి చదివితే ఇప్పుడు నాకే సరిగ్గా అర్థం కాదు. ప్రతి పేజీలోనూ ముందు రోజు రాసినదాన్ని కొట్టేసి, పక్కన ఇంకేదో రాసి ఉంది.

ఏటా జెండా ఎగరేసేది హెడ్మాస్టరే. ఆ ఏడు ఆయనకు, ఊళ్ళో పాత సిపాయి ఉండగా నేనెందుకు అనిపించింది. పాత సిపాయి అంటే పల్టన్ తాతే, మరొకరు లేరు. తాతకు బస్టాండు దగ్గర చెప్పులు కుట్టే పని. ఇల్లు మిషన్ కాంపౌండు వెనక గల్లీలో. రెండో ప్రపంచయుద్ధం రోజుల్లో పల్టన్‌లో మోచీగా చేరి సిపాయిల బూట్లూ బెల్టులూ కుట్టాడు. యుద్ధం అయిపోయాక ఇంటికొచ్చాడు. క్రిస్మస్ నాడు మాత్రం పాత ఖాకీ కోటు వేసుకుని చర్చికి పోయేవాడు. ఆ కోటు రెండు భుజాల మీదా ఇత్తడి ఇంగ్లీషు అక్షరాల్లో 'హైదరాబాద్' అని ఉండేది.

గొడవకు మూలం ఆ అక్షరాలే. స్కూలు కమిటీలో బట్టల దుకాణం సేటు ఒకడున్నాడు. రజాకార్ల కాలంలో ఆయన అన్న ఇల్లూ వాకిలీ విడిచి షోలాపూర్ వైపు పారిపోయి, అక్కడే జ్వరమొచ్చి పోయాడు. తాత పేరు వినగానే సేటు లేచి నిలబడ్డాడు.

"నిజామోని ఫౌజుల నౌకరి జేసినోనితోని జెండ ఎగిరేపిస్తరా? భుజం మీద రాసుకొని తిరుగుతుండు, మీకు కనవడ్తలేదా?"

హెడ్మాస్టరు నావైపు తిరిగాడు. "మీరు చరిత్ర చెప్తరు గదా. గది ఎవరి పల్టనో తేల్చుండ్రి. నిజాంది కాకుంటె తాతనే ఎగరేస్తడు. నిజాందైతె ఎప్పట్లెక్క నేనే."

ఇదెంత పని అనుకున్నాను. ఆ సాయంత్రమే తాత దగ్గరికి వెళ్ళాను. సైకిల్ ట్యూబు ముక్కను చెప్పు అడుగున అతికిస్తున్నాడు.

"తాతా, నువ్వు నిజాం ఫౌజుల చేసినవా?"

"నేనెందుకు జేస్త సారూ? మా అఫ్సర్ ఇంగ్లీషోడు. తిట్లు సుత ఇంగ్లీషుల తిట్టెటోడు."

"మరి భుజం మీద హైదరాబాద్ అని ఎందుకుంది?"

"పల్టన్ పేరు అది."

"హైదరాబాద్‌ల ఉండెనా ఆ పల్టన్?"

"ఏడిది? ఆగ్రాల ఉండె. హైదరాబాద్‌ల దాన్ని నేనెన్నడు చూడలె."

"పోనీ, అందుల హైదరాబాదోళ్ళు ఉండిరా?"

తాత నవ్వాడు. "అందరు ఉత్తరం దిక్కు గుట్టలోళ్ళు, జాట్లు, అహీర్లు. తెలుగు మాట్లాడుదామంటె మనిషి దొరకకపోవు. నేను చింతపండు అడిగితె వాళ్ళు నిమ్మకాయ ఇద్దురు." అతికించిన చెప్పు పక్కన పెట్టి, "లడాయి అయినంక ఒకనాడు అందరిని నిలబెట్టి, మీ పల్టన్ పేరు మారిందన్నరు. గుట్టలోళ్ళ దేశం పేరు పెట్టిండ్రు. పాత అక్షరాలు ఇచ్చెయ్యమన్నరు. నేను ఇయ్యలె. ఊరి పేరు గదా సారూ," అన్నాడు.

లేవబోతుంటే నా చెయ్యి పట్టుకున్నాడు. "మనుమరాలు మీ స్కూల్లనే సదువుతుంది. మా తాత జెండ ఎగరేస్తడని అందరికి చెప్పుకున్నది. ఇప్పుడు కాదంటె ఆ పిల్ల మొకం నేనెట్ల సూడాలె?"

ఇంటికి వచ్చి డైరీలో స్పష్టంగా రాసుకున్నాను: పల్టన్ ఇంగ్లీషువాళ్ళది, నిజాంది కాదు. అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. కాని ఏదైనా పుస్తకంలో చూసుకుంటే తప్ప నాకు నిద్ర పట్టదు. ఆదివారం బస్సెక్కి, సంగారెడ్డి మీదుగా హైదరాబాద్ పోయి, పెద్ద గ్రంథాలయంలో దళసరి ఇంగ్లీషు పుస్తకాలు ముందేసుకుని కూర్చున్నాను.

మొదటి పేజీల్లోనే చిక్కు పడింది. ఆ పల్టన్ పుట్టింది నిజాం కొలువులోనే. సిపాయిల జీతం నిజాంది, హుకుం ఇంగ్లీషు దొరలది. ఒక పటాలానికి హైదరాబాద్‌లో ఉండే ఇంగ్లీషు రెసిడెంటు దొర పేరే పెట్టారు. ఖర్చు బాకీ పడ్డదని నిజాం చేత బీరార్ జిల్లాలు రాయించుకున్నారు. తర్వాత ఎన్నో ఏళ్ళకు ఆ పటాలాలను ఇంగ్లీషు ఫౌజులో కలిపేసి, పేర్లతో పాటు అంకెలు తగిలించారు. మొదటి ప్రపంచయుద్ధం తర్వాత ఆ అంకెలు కూడా మార్చి, అన్నిటినీ ఒక్క కుటుంబంగా చేసి, దానికి హైదరాబాద్ అని పేరు పెట్టారు. గుట్టల నుంచి వచ్చిన పటాలం ఒకటి అందులో చేరింది. చివరికి ఇల్లరికం వచ్చిన అల్లుడి ఇంటిపేరు మామగారి ఇంటికి అంటినట్టు, మొత్తం పల్టన్‌కు ఆ గుట్టల పేరే స్థిరపడింది. ఇదంతా జరుగుతున్నప్పుడు నిజాంకు వేరే సొంత ఫౌజు ఉండనే ఉంది. దాని పేరులోనూ హైదరాబాదే.

తిరిగి వచ్చేటప్పుడు బస్సులో వంశవృక్షం గీశాను. ఒకే పటాలం మూడు కొమ్మల మీద కూర్చుంది. ఒక కొమ్మకు కాండమే లేదు. జోగిపేట దాటాక మళ్ళీ గీశాను. ఈసారి నిజాం కింద ఇంగ్లీషువాడు, ఇంగ్లీషువాడి కింద నిజాం వచ్చారు.

మర్నాడు కమిటీ ముందు ఆ కాగితం పరిచాను. హెడ్మాస్టరు అటూ ఇటూ తిప్పి చూశాడు. "గిదేంది సారూ, పల్టనా, పెండ్లి సంబంధమా?"

సేటు సూటిగా అడిగాడు. "ఒక్క మాటల చెప్పు. నిజాందా, కాదా?"

"మొదట్ల నిజాంది. తర్వాత కాదు."

"మొదట్ల అంటె ఏంది? పుట్టినింటి రక్తం ఏడికి వోతది?"

"కానీ అప్పుడు కూడా హుకుం ఇంగ్లీషోళ్ళదే."

"మరి ఇంగ్లీషోళ్ళు నీకు మేనమామలా? జెండ పండుగ వాళ్ళు పోయినందుకే గదా!"

ఇంగ్లీషువాళ్ళ పల్టన్ అని రుజువు చేస్తే తాత గెలుస్తాడని నేనెందుకు అనుకున్నానో నాకే తెలియలేదు. "అది ఇప్పుడు భారత సైన్యంలో ఉంది. అదే పల్టన్," అన్నాను. "పేరు మారింది గద? అదే ఎట్లయితది?" అన్నాడు సేటు. హెడ్మాస్టరు తల పట్టుకున్నాడు. ఎవరో వెనకనుంచి, "తుపాకి పట్టనోడు సిపాయెట్లయితడు, మోచీ గద," అన్నారు. అసలు వాళ్ళను కుట్టేది పల్టనా, ఆ మనిషి పనా, ఆయన ఉండే గల్లీయా అని నాకు అనుమానం కలిగింది. ఎవరూ పైకి అనలేదు. నేనూ అడగలేదు.

ఏమీ తేలకుండానే పంద్రాగస్టు వచ్చింది. తాతకు వద్దని చెప్పే ధైర్యం హెడ్మాస్టరుకు లేకపోయింది. రమ్మని చెప్పే ధైర్యమూ లేదు. ఎవరూ ఏమీ చెప్పలేదు కనుక తాత వచ్చేశాడు, ఇస్త్రీ చేసిన కోటుతో సహా. పిల్లలు వరసలు కట్టి ఉన్నారు. సేటు జెండా గద్దె దగ్గర అడ్డంగా నిలబడ్డాడు.

"ఆగు. ఒక మాటడుగుత. మా అన్న ఊరిడిసి పోయిననాడు నువ్వేడున్నవ్?"

"ఊర్లనే ఉన్న సేటూ."

"ఈ కోటేసుకొని ఎవరి దిక్కు తిరిగినవ్?"

"కోటా? కుండల కుక్కి పెంటల పాతిన. రజాకార్లు సూస్తె మనోడే రమ్మంటరు, యూనియన్ ఫౌజోళ్ళు సూస్తె కాల్చి పారేస్తరు. నేను జొన్న చేన్ల పండుకున్న."

"పండుకున్నవా?"

"మరి? రాత్రికి నా పెండ్లాం జొన్న గట్క తెచ్చి కుక్కకు పెట్టినట్టు గట్టు మీద పెట్టి పోవు. పిలిస్తె వింటరని పేరు సుత పిలవకపోవు."

సేటు తాతకు దగ్గరగా వచ్చాడు. "మా అన్న సుత జొన్న చేన్లనే ఉండె. ఊరిడిసి పోయేముందు," అన్నాడు. "నువ్వు పండుకున్నది ఎవరి చేను?"

"చెరువు కింద పట్వారి చేను."

"మాది అవుతలి గట్టు." తర్వాత నావైపు తిరిగి, ఏదో నేనే ఆలస్యం చేస్తున్నట్టు విసుక్కున్నాడు. "ఇగ కానియ్యుండ్రి. దాక్కున్నోడు మనోడే."

నాకేమీ అర్థం కాలేదు. ఆదివారమంతా నేను వెతికిన పుస్తకాల్లో ఎక్కడా, ఎవరు ఏ చేలో దాక్కున్నారన్నదాన్ని బట్టి పల్టన్ ఎవరిదో నిర్ణయించలేదు. పైగా ఆ మాటతో పల్టన్ సంగతి తేలిందా, తాత సంగతే తేలిందా? రెండూ ఒకటేనా? అడుగుదామనుకునేలోపే హెడ్మాస్టరు మైకు నా చేతికిచ్చాడు. "తాతను పరిచయం చెయ్యుండ్రి."

ఏ పల్టన్ అని చెప్పాలి? ఒక్క పేరు చెబితే అబద్ధమవుతుందేమోనని భయం వేసింది. అందుకని మొదటినుంచీ మొదలుపెట్టాను. నిజాం కొలువు, ఇంగ్లీషు దొరలు, జీతం ఒకరిది, హుకుం ఒకరిది. చిన్న తరగతుల పిల్లలు కాళ్ళు మార్చి నిలబడటం మొదలుపెట్టారు.

"ఎండ కొడ్తుంది సారూ, జల్దీ!" అని సేటు కేక వేశాడు.

నేను బీరార్ రాయించుకున్న ఘట్టంలో ఉన్నాను. ఇంకా అంకెలు రాలేదు, గుట్టలవాళ్ళు రాలేదు, తాత అసలు పుట్టనే లేదు. తాత నన్ను ఒకసారి చూసి, కాసేపు మర్యాదకు ఆగి, ఇక లాభం లేదనుకున్నాడో ఏమో, తాడు లాగేశాడు. బంతిపూల రేకలు ఆయన టోపీ మీదా నా కాగితం మీదా పడ్డాయి. పిల్లలు జనగణమన ఎత్తుకున్నారు. నా వాక్యం సగంలోనే ఉండిపోయింది. దాన్ని ఎలా పూర్తి చెయ్యాలో ఇప్పటికీ నాకు తెలియదు.