తలుపు మీద మూడుసార్లు

పంతొమ్మిదేళ్ళలో ఆమె ఏడు పుస్తకాలు రాసింది. ఏ పుస్తకం మీదా ఆమె పేరు లేదు. ప్రతి పుస్తకంలోనూ మొదటి మాట 'నేను'. ఆ నేను ఒకసారి వేణువు వాయించే మనిషి, ఒకసారి పాటలకు బాణీలు కట్టే మనిషి, ఒకసారి డ్రమ్ములు వాయించే మనిషి. ఆమె మాత్రం ఎన్నడూ కాదు.

పని పద్ధతి ఒకటే. వారానికి మూడు మధ్యాహ్నాలు సంగీతకారుల ఇంటికి వెళ్తుంది. బల్ల మీద చిన్న రికార్డరు పెడుతుంది. వాళ్ళు మాట్లాడతారు, ఆమె వింటుంది. ఇంటికి వచ్చి, హెడ్‌ఫోన్లు పెట్టుకుని, విన్నదంతా టైపు చేస్తుంది. మొదట తన ప్రశ్నలు కొట్టేస్తుంది. తర్వాత వాళ్ళ దగ్గులు, తిట్లు, తోటివాళ్ళ మీద చెప్పిన చాడీలు. మిగిలినదాన్ని వాళ్ళ ఊపిరికి తగ్గట్టు విరుస్తుంది. డ్రమ్ముల మాస్టారి వాక్యం నాలుగు మాటలు దాటదు. పెద్ద గాయని వాక్యం ఎక్కడా ఆగదు.

మొదటి ప్రశ్న కూడా ఒకటే. "మీకు గుర్తున్న మొట్టమొదటి చప్పుడు ఏంటి?"

ఎవరికీ గుర్తుండదు.

"అదేం ప్రశ్నమ్మా? అప్పటికి నాకు పళ్ళు కూడా రాలేదు," అన్నాడు మాస్టారు తొమ్మిదేళ్ళ కిందట. "నువ్వే ఏదో ఒకటి రాసెయ్. చదివినవాళ్ళు వచ్చి సాక్ష్యం అడుగుతారా ఏంటి?"

ఆమె రాసింది.

పుస్తకం అచ్చయ్యాక ఒక్క ప్రతి కూడా ఇంట్లో ఉంచుకోదు. చేతికి వచ్చినదాన్ని విప్పకుండానే తమ్ముడికి ఇచ్చేస్తుంది. కంప్యూటర్లో ఫైలు తీసేస్తుంది. పాత 'నేను' గదిలో ఉంటే కొత్త 'నేను' నోరు విప్పదని ఆమె నమ్మకం. ఆ నమ్మకమే కొంప ముంచింది.

బుధవారం పొద్దున తమ్ముడు వచ్చాడు. అతను లిఫ్టులు బాగుచేస్తాడు. గోళ్ళ కింద గ్రీజు ఎప్పుడూ పోదు. వంటగదిలో స్టూలు లాక్కుని కూర్చుని, పనిముట్ల సంచిలోంచి రెండు పుస్తకాలు తీశాడు. ఒకటి మాస్టారి ఆత్మకథ. రెండోది గాయని ఆత్మకథ, సోమవారం ప్రెస్సు నుంచి వచ్చినది. ఆదివారం దాని ఆవిష్కరణ.

"ఇవన్నీ దాస్తున్నావా?" అంది ఆమె.

"ఏడూ ఉన్నాయి. మంచం కింద పెట్టాను. చెదలు పడతాయని మీ మరదలు ఒకటే గోల. సరే, ఇది చూడు." రెండు పుస్తకాలూ పక్కపక్కన తెరిచాడు. "అక్కా, ఇది మన తలుపు కదా?"

ఆమె చదివింది.

మాస్టారి పుస్తకంలో ఇలా ఉంది. 'మాకు అమ్మ లేదు. నాన్న మధ్యాహ్నం డ్యూటీకి వెళ్ళేవాడు. బయట తాళం వేసేవాడు. తలుపు మూడుసార్లు తట్టేవాడు. లోపల నేనూ చెల్లీ. మేం ఒకసారి తట్టేవాళ్ళం. అప్పుడు వెళ్ళేవాడు.'

గాయని పుస్తకంలో అదే తలుపు, అదే మూడుసార్లు, లోపలి నుంచి అదే ఒకసారి. చెల్లి బదులు తమ్ముడు. వాక్యం మాత్రం పేజీ సగం దాకా ఆగకుండా నడిచింది.

అది ఆమె చిన్నతనం. నాన్న నీళ్ళ పంపుహౌసులో పనిచేసేవాడు. ఆమెకు ఎనిమిదేళ్ళు, తమ్ముడికి ఐదు. చీకటి పడ్డాక నాన్న వచ్చి తాళం తీసేదాకా ఇద్దరూ గదిలోనే. మొదటి చప్పుడు అంటే ఆమెకు గుర్తొచ్చేది అదొక్కటే. గాయనికి కూడా ఏమీ గుర్తు రానప్పుడు, ప్రెస్సువాళ్ళు తొందరపెడుతున్నప్పుడు, చేతికి అందింది రాసేసింది. ముందే ఒకరికి ఇచ్చేసిన సంగతి తలపుకే రాలేదు.

"ఒకే తలుపు ఇద్దరికి బిగించావన్నమాట," అని తమ్ముడు నవ్వాడు. ఆమె ముఖం చూసి నవ్వు ఆపాడు. "ఏంటక్కా? ఎవరు పట్టించుకుంటారు?"

"ఆదివారం పుస్తకం ఆవిష్కరించేది మాస్టారు."

తమ్ముడు స్టూలు మీద సర్దుకుని కూర్చున్నాడు.

మాస్టారి సంగతి అందరికీ తెలుసు. ఆ పుస్తకం వచ్చిన దగ్గర్నుంచి ప్రతి కచేరీ ముందు డ్రమ్ము చెక్క అంచు మీద మూడుసార్లు తడతాడు. హాల్లో వాళ్ళందరూ కుర్చీ చేతుల మీద ఒకసారి తిరిగి తడతారు. అప్పుడే మొదలుపెడతాడు. తొమ్మిదేళ్ళుగా ఇదే ఆనవాయితీ.

ఆమె ప్రచురణకర్తకు ఫోను చేసి, పుస్తకం కొన్నాళ్ళు ఆగుతుందా అని అడిగింది.

"ఆగడమా? బైండింగ్ అయిపోయి అట్టపెట్టెలెక్కాయి మేడమ్. ఏమైనా తప్పులు దొర్లాయా?"

"లేదు. ఊరికే అడిగాను. మాస్టారికి ప్రతి పంపారా?"

"నిన్ననే పంపాను. మొదటి అధ్యాయం తనే స్వయంగా చదువుతానన్నారు. మన అదృష్టం కాకపోతే ఏంటి చెప్పండి!"

ఆమె ఫోను పెట్టేసింది.

రెండు రోజులు ఇంట్లోంచి కదల్లేదు. ఫోను మోగితే చూసేది, ఎత్తేది కాదు. మెట్ల మీద చెప్పుల చప్పుడు తన గుమ్మం దాటిపోయేదాకా ఊపిరి బిగబట్టేది. అన్నం కలుపుకుని, అలాగే వదిలేసేది. తనకేమవుతుందని కాదు భయం. ఆమెకు పేరే లేదు, ఆమెను ఎవరు తిడతారు? నలుగురిలో అబద్ధాలకోరు అనిపించుకునేది ఎనభై ఒక్కేళ్ళ ముసలావిడ. రికార్డింగు చివరి రోజున ఆవిడ ఈమె మణికట్టు పట్టుకుని అంది కదా, "అమ్మాయ్, నా బతుకంతా నీ చేతిలో పెట్టాను, చివర్లో నన్ను నవ్వులపాలు చెయ్యకు," అని. ఆ పట్టు ఇంకా చేతి మీద ఉన్నట్టే ఉంది. పైగా ఆవిడ ఇప్పుడు ఆ తలుపు సంగతి రేడియోలో కూడా చెబుతోంది. చెబుతూ కళ్ళు తుడుచుకుంటోంది.

శనివారం తమ్ముడే వచ్చి చెప్పులు తెచ్చి ముందు పెట్టాడు. "పద. వెళ్ళి చెప్పేద్దాం. ఇలాగే కూర్చుంటే రేపటికి నువ్వే మిగలవు."

స్కూటరు మీద వెళ్తూ వెనక్కి తిరిగి అరిచాడు. "లిఫ్టులో జనం ఇరుక్కుంటే మేం ముందు తలుపు తియ్యం, తెలుసా? ముందు తడతాం. బయట ఎవరో ఉన్నారని తెలిస్తే చాలు, సగం ఏడుపు ఆగిపోతుంది."

"రోడ్డు చూసి నడుపురా."

మాస్టారి సాధన గది గోడలకు దళసరి గుడ్డ కొట్టి ఉంటుంది. లోపలికి వెళ్తే మన మాట మనకే దగ్గరగా వినిపిస్తుంది. తమ్ముడు మెట్ల మీద ఆగాడు. మాస్టారు స్టూలు మీద కూర్చుని ఉన్నాడు. గాయని పుస్తకం డ్రమ్ము మీద బోర్లించి ఉంది.

"రా," అన్నాడు. కూర్చోమనలేదు. "నీకు ఆర్నెల్లు నా ఇంటి తలుపులు తెరిచాను. నా మాట తీసుకెళ్ళి ఆవిడకి ఇస్తావా?"

"మాస్టారూ, అది మీ మాట కాదు."

"ఏంటీ?"

"మీకు గుర్తు లేదన్నారు. ఏదో ఒకటి రాసెయ్యమన్నారు. నేను రాశాను. అది నా చిన్నతనం. నాదే మళ్ళీ ఆవిడకి ఇచ్చాను. తప్పు నాది, ఆవిడకి ఏమీ తెలీదు."

మాస్టారు తల ఎత్తి ఆమెను చూశాడు. ఆ చూపులో కోపం లేదు. అందుకే ఆమెకు ఇంకా భయం వేసింది.

"మా నాన్న వేళ్ళు నాకు గుర్తున్నాయి," అన్నాడు మెల్లగా. "ఇత్తడి తాళంచెవి. దానికి ఎర్ర దారం. తలుపు సందులోంచి కనబడేది. అది నీ పుస్తకంలో ఉందా?"

లేదు. ఇత్తడి గానీ దారం గానీ ఆమె రాయలేదు. మరి అసలు తాళంచెవి ఎలా ఉండేది? ఆమె గుర్తుచేసుకోవాలని చూసింది. రాలేదు. తలుపు రంగు రాలేదు. నాన్న చెయ్యి రాలేదు. తను రాసిన వాక్యాలు మాత్రం పొల్లుపోకుండా వచ్చాయి, రెండు రకాలుగా, పొట్టివీ పొడుగువీ.

"మా తమ్ముణ్ణి అడగండి," అంది. "వాడు కూడా లోపలే ఉన్నాడు."

ఆమె పిలిస్తే తమ్ముడు లోపలికి వచ్చి, గ్రీజు చేతులు వెనక్కి పెట్టుకుని నిలబడ్డాడు.

"మీ నాన్న బయటి నుంచి తలుపు తట్టేవాడా బాబూ?"

తమ్ముడు అక్క వైపు చూశాడు.

"చెప్పరా," అంది ఆమె.

"నాన్న తట్టేవాడు కాదండీ. తాళం వేసి వెళ్ళిపోయేవాడు. పంపు వేళకి వెయ్యాలి కదా, పరిగెత్తేవాడు." ఆగాడు. "తట్టింది అక్క."

"నేనా?"

"నువ్వే. తలుపుకి ఆనుకుని నిలబడి, చెయ్యి వీపు వెనక పెట్టి, మూడుసార్లు తట్టేదానివి. నాన్న తడుతున్నాడు, విను, నువ్వు కూడా తట్టు, లేకపోతే నాన్న వెళ్ళడు అనేదానివి. నేను ఏడుపు ఆపి తట్టేవాణ్ణి."

"నీకు ఐదేళ్ళురా. నీకేం తెలుసు?"

"నీ మోచెయ్యి కదిలేది అక్కా. కనపడదా?"

"మరి తెలిసీ ఎందుకు ఊరుకున్నావు?"

"నువ్వు తట్టకపోతే భయం వేసేది."

ఆమె కుడిచేతి వేళ్ళ కణుపుల మీద ఏదో కదిలింది. గరుకు చెక్క. రంగు పెచ్చులు. వీపుకీ తలుపుకీ మధ్య ఇరికిన చెయ్యి. ఇది ఏ పుస్తకంలోనూ లేదు.

"అంటే అది నీది కూడా కాదు," అన్నాడు మాస్టారు.

"కాదు."

"మరి ఇన్నేళ్ళూ నేను ఎవరికి బదులుగా తడుతున్నాను?"

మాస్టారు పుస్తకం మూశాడు. తెరిచాడు. మళ్ళీ మూశాడు. "వెళ్ళండి. రేపు ఏం చదవాలో నేను చూసుకుంటాను."

చూసుకుంటాను అంటే ఏమిటో ఆమె అడగలేదు. అడిగే ధైర్యం లేదు.

ఆదివారం హాలు నిండింది. ఆమె చివరి వరుసలో, పక్కన తమ్ముడు. వేదిక మీద నాలుగు కుర్చీలు, ముందు ఒక చెక్కబల్ల. గాయని మధ్యలో కూర్చుంది. కాళ్ళు నేలకు అందక ఊగుతున్నాయి. మాస్టారు పుస్తకం విప్పి, కళ్ళజోడు పెట్టుకుని, మైకు ముందుకు వచ్చాడు.

మూడో అధ్యాయం చదివాడు. గాయని మొదటిసారి స్టూడియోకి వెళ్ళి, గాజుతలుపు గమనించక నుదురు కొట్టుకున్న సంగతి. జనం నవ్వారు. గాయని కూడా నుదురు తడుముకుని నవ్వింది. చివరి వరుసలో ఆమెకు నాలుగు రోజుల తర్వాత ఊపిరి తిన్నగా ఆడింది. "చూశావా?" అని తమ్ముడు మోచేత్తో పొడిచాడు.

తర్వాత మైకు గాయని చేతికి ఇచ్చారు.

"మాస్టారు మంచివారు, నా దెబ్బ సంగతి చదివారు," అంది ఆవిడ. "మొదటి సంగతి చదవలేదు. అది నేనే చెప్పుకుంటాను. మా అమ్మ పోయిన ఏడాది అనుకుంటా, మా నాన్న మధ్యాహ్నం పనికి పోతూ నన్నూ తమ్ముణ్ణీ లోపల పెట్టి బయట తాళం వేసి..."

చివరి వరుసలో ఆమె తమ్ముడి వైపు తిరిగింది.

"...వేసి, వెంటనే వెళ్ళేవాడు కాదు, తలుపు మీద మూడుసార్లు తట్టి, మేం లోపలి నుంచి ఒకసారి తట్టేదాకా..."

హాల్లో గుసగుస మొదలైంది. ముందు వరుసలో ఒకాయన పక్కాయన చెవిలో ఏదో అన్నాడు. రెండో వరుసలో పత్రిక మనిషి తల ఎత్తి మాస్టారిని చూశాడు, గాయనిని చూశాడు, జేబులోంచి కలం తీశాడు. ఎక్కడో ఎవరో కిసుక్కున నవ్వారు.

గాయని ఆగిపోయింది. ఎక్కడా ఆగని వాక్యం సగంలో ఆగింది.

"ఏమైంది?" అంది. "తప్పు చెప్పానా?" జనంలో వెతుక్కుంది. "అమ్మాయ్, ఎక్కడున్నావు? నేను చెప్పింది సరిగ్గానే ఉందా?"

లేవాలి. లేచి, అది నేను రాశాను అనాలి. ఆమె ఎనిమిదేళ్ళ పిల్లలా కూర్చుండిపోయింది. తలుపు బయట ఎవరూ లేరు.

వేదిక మీద కుర్చీ జరిగింది. మాస్టారు లేచాడు. గాయని పక్కకు వచ్చి, వంగి, ఆవిడ ముందున్న చెక్కబల్ల మీద వేలి కణుపుతో తట్టాడు. ఒకటి. రెండు. మూడు.

తొమ్మిదేళ్ళ అలవాటు. హాలంతా ఒక్కసారి బదులు తట్టింది. కలం తీసిన మనిషి కూడా తట్టాడు. గాయని ఒక క్షణం ఆలస్యంగా, ఒక్కతే, చిన్నగా తట్టింది.

"చెప్పండి అమ్మగారూ," అన్నాడు మాస్టారు. "మేం ఇక్కడే ఉన్నాం."

ఆవిడ చెప్పడం మొదలుపెట్టింది. గుసగుసలు లేవు.

చివరి వరుసలో తమ్ముడు అక్క చేతుల వైపు చూశాడు. రెండూ ఆమె ఒళ్ళోనే ఉన్నాయి. ఈసారి మూడుసార్లు తట్టింది ఆమె కాదు.