గంగాళంలో ముఖం

సియోల్‌లోని పాత రాజభవనంలో, చెక్కతో కట్టిన సభామండపం మెట్ల పక్కన మా బావ చుట్ట నోట పెట్టుకుని లైటర్ వెలిగించాడు. గాజువాక మనిషి, ఉక్కు ఫర్నేస్ దగ్గర ముప్పై ఏళ్లు చేశాడు. ముసలి కాపలాదారు పరుగున వచ్చి అతని మణికట్టు పట్టుకున్నాడు. పోలీసులకు అప్పగిస్తాడనుకున్నాను.

ఆయన అరవలేదు. బావను మూలనున్న నీళ్ల గంగాళం దగ్గరికి లాక్కెళ్లి, లోపలికి చూడమని సైగ చేసి, ఫోన్‌లో తన మాటను ఇంగ్లీషులోకి మార్చి చూపించాడు.

నేను చదివి చెప్పాను. "ఈ మండపం రెండుసార్లు కాలిపోయిందట బావా. మళ్లీ మంటల దెయ్యం వస్తే, ఈ నీళ్లలో తన ముఖం చూసుకుని జడిసి పారిపోవాలట."

"అయితే నన్నెందుకు సూడమంతన్నాడు? నాను దెయ్యాన్నేటి?"

కాపలాదారు పట్టు వదల్లేదు. బావ విసుగ్గా వంగి చూశాడు. చాలాసేపు చూశాడు. చుట్ట తీసి, లైటర్‌తో సహా ఆయన చేతిలో పెట్టాడు. అప్పుడు వదిలాడు ఆయన.