గేటు దాటొద్దన్నాను

2022 ఎండాకాలం. వరంగల్‌లో ఒక డిగ్రీ కాలేజీలో నేను చరిత్ర చెబుతాను. చెరకు పండే ద్వీపాల్లో బానిసత్వం రద్దయ్యాక ఆ తోటల్లో పనికి ఎవరిని తెచ్చారన్నది నా పరిశోధన. మన తీరం నుంచి కూడా తెచ్చారు. వాళ్ళది ఇండెంచర్, అంటే కొన్నేళ్ళు ఒకే యజమాని దగ్గర పని చేస్తానని వేలిముద్ర వేసిన ఒప్పందం. ఈ మాటలెత్తితే మా ఇంట్లోవాళ్ళే ఆవలిస్తారు. సుబేదారిలో నా బట్టలు కుట్టే షాహీన్ మాత్రం శ్రద్ధగా వినేది. ఆమె భర్త యూసుఫ్ ఒక ద్వీపంలో హోటల్ వంటవాడు.

ఆ రోజు జాకెట్ కొలతలు తీస్తూ మధ్యలో టేపు పక్కన పెట్టేసింది.

"మేడం, యూసుఫ్ పాస్‌పోర్ట్ సేటు గుంజుకున్నడు. జీతం ఇస్తలేడు. రేపు పొద్దుగాల నలుగురు కలిసి మన ఎంబసీకి పోయి ఫిర్యాదు చేస్తరట. మంచిదే గదా?"

మంచిదే అనబోయాను. అంతలోనే ఆగాను. ఆర్కైవ్స్‌లో, అంటే పాత ప్రభుత్వ కాగితాలు భద్రపరిచే చోట, నేను ఏళ్ళ తరబడి చదివింది ఇదే. తోట కూలీకి ఫిర్యాదు చేసే హక్కుండేది. యజమాని చీటీ లేకుండా తోట దాటితే మాత్రం డిజర్షన్, అంటే పని వదిలి పారిపోయిన నేరం. ఫిర్యాదుకు బయల్దేరినవాళ్ళను దారిలోనే పట్టుకునేవారు.

"ఎవ్వరూ పోవద్దని చెప్పు" అన్నాను.

"ఆగితే ఇంకో ద్వీపానికి పంపుతడట మేడం. ఆడ ఫోన్ సుత కలవదట."

చచ్చిపోయినవాళ్ళ మీద తీర్పులు రాయడం సులువు. ఇక్కడ నా మాట పట్టుకుని ఒక మనిషి ఆగిపోతాడు. ఆగి అక్కడే చిక్కుకుపోతే? షాహీన్ ఫోన్ కలిపి ఇచ్చింది. యూసుఫ్ గొంతు బాగా తగ్గించి మాట్లాడాడు.

"అక్కా, పోవాల్నా, ఉండాల్నా? ఒక్క మాట జెప్పు."

"గేటు దాటకు తమ్ముడూ. ఎంబసీవాళ్ళనే అక్కడికి పిలుద్దాం. మిగతావాళ్ళకూ చెప్పు."

సాయంత్రానికి ఎంబసీలో ఒక అధికారి ఫోనెత్తాడు. "బయటికొస్తే యజమాని పోలీసు కేసు పెడతాడు. మేమే వస్తాం" అన్నాడు. ఎప్పుడో చెప్పలేదు.

యూసుఫ్ ఆగాడు. మిగతా ముగ్గురూ ఆగలేదు. ఎంబసీ ఉన్న ద్వీపానికి పడవ ఎక్కే రేవు చేరకముందే పోలీసులు వాళ్ళను పట్టుకున్నారు. ఆ కబురు చెప్పాక యూసుఫ్ ఫోన్ మూగబోయింది. షాహీన్ మిషన్ ముందు కూర్చునేది, కుట్టేది కాదు. "మీరే ఉండుమన్నరు" అని ఒకసారి అంది, అంతే. అతన్ని ఆ ఇంకో ద్వీపానికి తీసుకుపోయి ఉంటారనే అనుకున్నాను.

మూడో నాడు అధికారి హోటల్‌కు వెళ్ళి పాస్‌పోర్ట్‌తో సహా యూసుఫ్‌ను బయటికి తెచ్చాడు. ఆ ముగ్గురూ జైలు నుంచి ఇల్లు చేరడానికి చాలా నెలలు పట్టింది.

యూసుఫ్ ఊరికి తిరిగొచ్చాక నన్ను చూడటానికి కాలేజీకి వచ్చాడు. వాచ్‌మన్ ఎవరినీ ఆపడం లేదు. అయినా లోపలికి రాకుండా గేటు బయట రోడ్డు మీదే నిలబడ్డాడు. "లోపటికి రావొచ్చా అక్కా అని అడుగుదామనుకున్న. గేటు కాడ అడుగుడు అలవాటైపోయింది" అన్నాడు.

అంతకుముందు తరగతిలో బానిసత్వం రద్దయిన సంవత్సరం బోర్డు మీద రాసి, కింద గట్టిగా గీత గీసి పాఠం ముగించేదాన్ని. ఇప్పుడు ఆ గీత గీయను. రద్దయిన మర్నాడు పొద్దున ఆ తోటల్లోవాళ్ళలో ఎంతమంది ఎవరినీ అడక్కుండా బయటికి నడవగలిగారని పిల్లల్ని అడుగుతాను.