అనుమానం డబ్బాలు

మా వదిన చేపల డబ్బాల ఫ్యాక్టరీలో ఇరవై రెండేళ్ళు పనిచేసింది గానీ, ఒక్క డబ్బా చేపముక్క నోట్లో పెట్టుకున్న పాపాన పోలేదు. మమ్మల్నీ పెట్టుకోనివ్వలేదు. ఏటా యాజమాన్యం మనిషికో డజను డబ్బాలు ఊరికే ఇచ్చేది. వాటిని ఆవిడ గేటు దాటకముందే లోడింగు వాళ్ళకి పంచేసి చేతులు దులుపుకుని వచ్చేది. నావి కూడా లాక్కుని పంచేసేది.

"పుణ్యం కావాలంటే నీ డబ్బాలతో చేసుకో వదినా, నావెందుకు?" అని నేను గొడవపడేదాన్ని.

"చేప కావాలంటే బజార్లో తాజాది తెస్తాను కదే. కళ్ళెదురుగా కడిగి వండుకుందాం" అనేది.

డబ్బా మీద సార్డిన్లు అని రాస్తారు గానీ మేమంతా కవళ్ళు అనే అంటాం. నేనూ అదే ఫ్యాక్టరీలో లేబుళ్ళు అంటించే బల్ల దగ్గర ఉంటాను. పెళ్ళి చేసుకుని వెళ్ళి, మూడేళ్ళు భరించి, పెట్టె పట్టుకుని పుట్టింటికి వచ్చేసిన ఆడపడుచుని. అన్నయ్య లారీ మీద తిరుగుతాడు, నెలకి పది రోజులు ఇంట్లో ఉంటే గొప్ప. మిగతా రోజుల్లో ఇంట్లో వదిన, నేను, అమ్మ. అమ్మకి మోకాళ్ళు పనిచేయవు, నోరు మాత్రం బ్రహ్మాండంగా పనిచేస్తుంది.

"ఇంట్లో ఇద్దరు కవళ్ళ ఫ్యాక్టరీలో చేస్తారు. నాకు ఒక్క డబ్బాకి దిక్కులేదు. చచ్చేలోగా ఆ రుచేంటో చూస్తానో లేదో" అని వారానికోసారైనా అనేది.

ఇప్పుడు వదిన పనేమిటో చెప్పాలి, లేకపోతే మిగతాది అర్థం కాదు. చేపలు కోసి, నింపి, మూత బిగించి, ఆవిరిలో ఉడికించాక డబ్బాలు రెండు వారాలు గోదాములో ఉంటాయి. తరవాత ట్రేలలో వరసగా వదిన ముందుకి వస్తాయి. ఆవిడ చేతిలో జానెడు స్టీలు పుల్ల ఉంటుంది, చివర బఠాణీ గింజంత గుండు. దాంతో ఒక్కో మూతనీ తడుతుంది. లోపల గాలి లేకుండా గట్టిగా మూసుకున్న డబ్బా టంగుమంటుంది. ఎక్కడో సన్నని సందుండి గాలి జొరబడిన డబ్బా డప్పుమంటుంది. డప్పుమన్నది ఎర్ర డ్రమ్ములోకి, టంగుమన్నది మా లేబుల్ బల్ల మీదికి. అంతే. మధ్యలో మిషను లేదు, ఇంకో మనిషి లేదు. వదిన చెవి తప్పితే ఆ డబ్బా ఎవరి వంటింట్లోనో తెరుచుకుంటుంది, చెడిపోయిన చేప మనుషుల ప్రాణం తీస్తుంది. అందుకే ఫ్యాక్టరీలో అందరూ ఆవిడని చెవులమ్మ అంటారు. ఆ పేరు వినబడితే వదిన పైకి విసుక్కునేది గానీ మొహం వెలిగిపోయేది.

ఆ చెవులమ్మకి ఎడమ చెవి మందగించింది.

నాకు తెలుసు. ఎందుకు అబద్ధం చెప్పాలి? టీవీ గొంతు పెంచుతూ పోయింది. పిలిస్తే మనిషి మొత్తం కుడివైపుకి తిరిగి "ఆఁ?" అనేది. "ఏం వదినా, చెవిలో దూది పెట్టుకున్నావా?" అని నేను నవ్వేదాన్ని. ఆవిడ నవ్వేది కాదు. ఆ నవ్వకపోవటం చూసైనా బుద్ధి తెచ్చుకోవాల్సింది, తెచ్చుకోలేదు.

ఇంకోటి కూడా చూశాను. పొద్దున తేలిగ్గా వెళ్ళే వదిన క్యారేజీ మధ్యాహ్నం ఇంటికొచ్చేటప్పుడు బరువుగా ఉండేది. ఒకరోజు బస్సులో నేను పట్టుకోబోతే చటుక్కున లాక్కుంది. క్యాంటీన్‌లో మిగిలిందేదో తెచ్చుకుంటోంది కాబోలు అనుకున్నాను.

ఆ రోజు పొద్దుటి షిఫ్టు చేసి రెండున్నరకి ఇల్లు చేరాం. అమ్మ వంటింటి గడప దగ్గర కాళ్ళు చాపుకుని కూర్చుని ఉంది. ఒళ్ళో పళ్ళెం, పళ్ళెంలో లేబుల్ లేని డబ్బా ఒకటి, సగం ఖాళీ. మూతికి నూనె. మొహంలో యుద్ధం గెలిచిన సంతోషం.

"రా కోడలా రా! పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగితే ఎవరికీ తెలీదనుకుంటుందట. మంచం కింద ట్రంకు పెట్టె వెనక ఒకటా రెండా, ముప్ఫై ఒక్క డబ్బాలు! నాకు ఒక్కటి పెట్టటానికి చేతులు రాలేదు గానీ, దాచుకుని దాచుకుని నువ్వొక్కదానివే తింటున్నావా?"

నేను పకపకా నవ్వాను. వంగి నడవలేని మనిషి మంచం కిందకి ఎలా దూరిందో తలుచుకుంటే నవ్వు ఆగలేదు. వదిన వైపు తిరిగేసరికి నవ్వు ఆగిపోయింది. ఆవిడ చేతిలో క్యారేజీ జారి కింద పడింది. గిన్నెలు విడిపోయి, అడుగు గిన్నెలోంచి ఇంకో డబ్బా దొర్లుకుంటూ వెళ్ళి అమ్మ కాళ్ళ దగ్గర ఆగింది.

"ఎప్పుడు తిన్నారత్తయ్యా?"

"పన్నెండింటికి. ఏం, లెక్క చెప్పాలా?"

"ఎన్ని?"

"ఒకటే. అదీ సగం. ఉప్పు లేదు, పులుపు లేదు. దీనికా ఇంత దాపరికం?"

వదిన నేల మీద చతికిలబడిపోయింది. అక్కడే, చెప్పులైనా విప్పకుండా, విషయం చెప్పింది. ఆరు వారాలుగా కొన్ని డబ్బాలు టంగుమంటున్నాయో డప్పుమంటున్నాయో తెలియటం లేదట. మొదట్లో అలాంటివన్నీ ఎర్ర డ్రమ్ములో వేసింది. శనివారం శనివారం క్వాలిటీ సారు డ్రమ్ములోవి తెరిపించి చూస్తాడు. "ఏంటమ్మా, ఈమధ్య మంచివి కూడా పారేస్తున్నారు?" అని ఆయన మామూలుగానే అడిగాడట. ఈవిడకి మాత్రం గుండెల్లో రాయి పడింది. చెవి సంగతి తెలిస్తే బల్ల దగ్గర్నుంచి లేపేస్తారు. డ్రమ్ములో వేస్తే పట్టుబడుతుంది, ముందుకి వదిలితే మనసు ఒప్పదు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. అందుకని అనుమానం వచ్చిన ప్రతి డబ్బానీ క్యారేజీలో పెట్టుకుని ఇంటికి మోసుకొచ్చింది. ఇరవై రెండేళ్ళ మనిషి క్యారేజీని గేటు దగ్గర ఎవరు విప్పి చూస్తారు?

"పారేయలేకపోయావా?" అన్నాను.

"చెత్తకుండీలో వేస్తే ఎవరో ఒకరు ఏరుకుని తింటారే. పూడ్చి పెడదామంటే మనకి జానెడు దొడ్డి లేదు. ఏం చెయ్యాలో తేల్చుకునేలోగా..." అని అమ్మ వైపు చూసి ఆగిపోయింది.

అమ్మ మూతికున్న నూనె కొంగుతో గట్టిగా తుడుచుకుంది. "అంటే ఇది చెడిపోయిందా?" అంది, పళ్ళెం దూరంగా నెడుతూ.

"తెలీదత్తయ్యా. అదే కదా, నాకు తెలీదు."

అప్పుడు వదిన చేసిన పని నేను బతికున్నంతకాలం మరిచిపోను. పళ్ళెం దగ్గరికి లాక్కుంది. మిగిలిన సగం డబ్బా, వెండిరంగు తోలూ మెత్తబడిన ముల్లూ నూనే అన్నీ, వేళ్ళతో తీసుకుని గబగబా తినేసింది. నేను చెయ్యి పట్టుకుంటే విదిలించుకుంది. ఇరవై రెండేళ్ళలో మొదటి ముక్క. కళ్ళమ్మట నీళ్ళు కారుతున్నాయి, దవడలు ఆడుతున్నాయి.

"మతిపోయిందా నీకు? ఒకరికి ముంచుకొస్తే చాలదా?"

"ఆవిడకి ఏమైతే నాకూ అదే అవుతుంది. ఆవిడకి ఏదో అయ్యి నేను బాగుంటే, మీ అన్నయ్యకి ఈ మొహం ఎలా చూపించనే?"

నాకు ఏడుపు రాలేదు, ఒళ్ళు మండిపోయింది. ఇద్దరినీ ఆటోలో కుక్కి వీధి చివర క్లినిక్‌కి తీసుకెళ్ళాను. డాక్టరమ్మ డబ్బా చూసింది, వాసన చూసింది, ఇద్దరి కళ్ళల్లో లైటు వేసింది. ఇప్పటికి ఏమీ లేదంది. విషముంటే బయటపడటానికి రోజు, రోజున్నర పట్టొచ్చంది. వస్తువులు రెండుగా కనబడినా, మాట ముద్దగా వచ్చినా, మింగుడు పడకపోయినా ఒక్క నిమిషం ఆగకుండా పెద్దాసుపత్రికి పరిగెత్తమంది.

చెప్పటానికేం, తేలిగ్గా చెప్పింది. అమ్మ పళ్ళసెట్టు తీస్తే మాట ఎప్పుడూ ముద్దే. కంట్లో శుక్లం, దీపం చుట్టూ ఇంకో దీపం ఎప్పుడూ కనబడుతుంది. మింగేటప్పుడు పొలమారని రోజు లేదు. ఏది పాతదో ఏది కొత్తదో ఎలా తెలుస్తుంది? పళ్ళసెట్టు తీయనివ్వలేదు. గంటకోసారి ఎదురుగా నిలబడి వేళ్ళు చూపించాను.

"ఎన్ని వేళ్ళమ్మా?"

"మూడు. ఇంకోసారి అడిగితే అయిదూ నీ చెంప మీద కనబడతాయి."

ఆ మాట వింటే ప్రాణం లేచొచ్చేది. తిడుతోంది, అంటే నాలుక తిరుగుతోంది. వదినని అడిగితే మాత్రం, "మూడు" అని ఊరుకునేది. ఆవిడకి నా గొంతు వినబడుతోందా, పెదాలు చూసి చెబుతోందా అన్న అనుమానం నాకు అప్పుడే మొదటిసారి వచ్చింది.

ఆ రాత్రి సంగతి చెప్పను, ముగ్గురం తెల్లవార్లూ దీపం ఆర్పలేదు. మర్నాడు సెలవు పెట్టాం. అత్తాకోడళ్ళు ఒకే మంచం మీద పక్కపక్కన కూర్చున్నారు. వాళ్ళిద్దరూ అంత దగ్గరగా కూర్చోవటం పెళ్ళి ఫోటోలో తప్ప ఎక్కడా చూడలేదు.

"నువ్వు దాచుకుని తిన్నావని అన్నాను చూడు," అంది అమ్మ, ఎటో చూస్తూ. "ఆ మాట తప్పే."

"అందులో తప్పేముందత్తయ్యా. మీకు ముందే చెప్పుకుని ఉండాల్సింది."

"చెబితే ఊరంతా టాంటాం వేసేదాన్నిలే. నా నోరు నాకు తెలీదా?"

సాయంత్రం ఆరైంది. డాక్టరమ్మ చెప్పిన గడువు ఇంకో ఆరు గంటలుంది. అమ్మ అన్నం కలిపించుకుని పొలమారకుండా తిన్నది. నేను హమ్మయ్య అనుకుంటూ, పీడ విరగడయ్యేలా ఉంది వదినా, అన్నాను. ఆవిడ నా వైపు కుడి చెవి తిప్పింది.

"ఏం విరగడవుతుందే? అనుమానం వచ్చినవి ఇంటికి తెచ్చాను. అనుమానం రానివి?"

నాకు ఒక్క క్షణం అర్థం కాలేదు. అర్థమయ్యాక వేళ్ళ మీద లెక్క వేశాను. ఆరు వారాలు. గంటకి వెయ్యి డబ్బాలు. వినబడని చెవికి అన్నీ మంచివేగా!

"ఇన్నేళ్ళూ మన ఇంటికి ఒక్క డబ్బా రానివ్వలేదు," అంది వదిన. "నా చెవి మీద నాకే నమ్మకం లేదన్నమాట. ఊరందరికీ పెట్టొచ్చు, మనకి మాత్రం వద్దు. ఎంత సిగ్గుమాలినదాన్నే నేను!"

"అప్పుడు చెవి బాగానే ఉంది కదా."

"అప్పుడు చెవి ఒక్కటే బాగుంది."

మర్నాడు పొద్దున షిఫ్టు బెల్లు మోగకముందే వదిన క్వాలిటీ సారు గదిలోకి వెళ్ళింది. నేనూ వెళ్ళాను, ఎడమవైపు నిలబడ్డాను. ముప్ఫై ఒక్క డబ్బాల సంచీ బల్ల మీద పెట్టి, దాని మీద స్టీలు పుల్ల పెట్టింది.

"సార్, నా ఎడమ చెవి పనిచేయటం లేదు. ఆరు వారాలుగా. నేను వదిలినవన్నీ మళ్ళీ తట్టించండి."

సారు పుల్ల చేతిలోకి తీసుకుని తిప్పి చూశాడు. కేకలేస్తాడనుకున్నాను. "ఈ మాట చెప్పటానికి ఆరు వారాలా అమ్మా?" అన్నాడు. మరీ మెల్లిగా అనటంతో వదినకి వినబడలేదు. నా వైపు చూసింది. ఆ మాట నేనే మళ్ళీ గట్టిగా చెప్పాల్సి వచ్చింది.

గోదాములో ఉన్న సరుకంతా ఆపేశారు. బయటికి వెళ్ళినదాన్ని వెనక్కి రప్పించారు. పక్క యూనిట్ నుంచి ఇద్దరొచ్చి ఎనిమిది రోజులు తట్టారు. ఇంట్లో దాచిన ముప్ఫై ఒకటీ మంచివే. వదిన మంచివని వదిలినవాటిలో మాత్రం డప్పుమన్నవి రెండు దొరికాయి. సారు వాటిని నాకు చూపించాడు, చేత్తో ముట్టుకోనివ్వలేదు. లేబుళ్ళు నున్నగా, ముడత లేకుండా ఉన్నాయి. అంచున పదిహేడు అని ముద్ర ఉంది. ఎవరు అంటించారో తెలియటానికి వేసే ముద్ర అది. పదిహేడు నేను.

ఆ ఆరు వారాలూ నాకు తెలుసు. ఎగతాళి చేశాను, ఎవరితోనూ అనలేదు. ఆ రెండింటికీ నీటుగా లేబుల్ అంటించి పంపాను. వదిననేగా అందరూ అడిగారు. నన్ను ఎవరూ ఏమీ అడగలేదు.

నూట నలభై ఆరు డబ్బాలు వెనక్కి రాలేదు. తినేసి ఉంటారు, ఏమీ అయ్యుండదు అన్నాడు సారు. ఇది జరిగి పది నెలలైంది. ఇప్పటికీ పేపరు రాగానే వదిన లోపలి పేజీలు తిప్పి, చిన్న వార్తలన్నీ వేలు పెట్టి చదువుతుంది. పని పోలేదు, నా పక్కన లేబుల్ బల్ల దగ్గర వేశారు. నేను ఆవిడ కుడివైపు కూర్చుంటాను. చెవులమ్మా అని ఇప్పుడు ఎవరూ పిలవరు.

ఈ ఏడాది డజను డబ్బాలు ఇచ్చినప్పుడు వదిన లోడింగు వాళ్ళకి ఒక్కటి కూడా ఇవ్వలేదు. ఇంటికి తెచ్చింది. ఒకటి తెరిచి, తను ఒక ముక్క తిని, మూత పెట్టి ఫ్రిజ్‌లో తోసింది.

"రేపు సాయంత్రం దాకా ఎవరూ ముట్టుకోకండి. నాకేం కాకపోతే అప్పుడు తిందురుగాని."

"మరీ చోద్యం! సారు తట్టించినవే కదా" అంది అమ్మ.

నేను లేచి ఫ్రిజ్ తెరిచాను. డబ్బా తీసి, రెండో ముక్క నోట్లో పెట్టుకున్నాను. వదిన గట్టిగా అరిచింది, నేను నమిలాను. అమ్మ అడుగుతున్నట్టు రుచెలా ఉందంటే చెప్పలేను. వదిన మొహమే చూస్తూ మింగాను. వెళ్ళి ఆవిడ పక్కన, కుడివైపున కూర్చున్నాను.

అమ్మ మా ఇద్దరినీ చూసింది. చెయ్యి పైకెత్తింది.

"ఎన్ని వేళ్ళే?"

"మూడు" అన్నాం ఇద్దరం.